కెమెరా, ఖర్చు రెండూ ఒకే చేతిలో ఉంటే

చిరంజీవి అమ్మడికి, మావయ్య ఆశీస్సులు.

డిగ్రీ అయ్యాక కెమెరా పని నేర్చుకుంటానని, తర్వాత నీ సినిమాలు నువ్వే నిర్మిస్తానని రాశావు. చాలా సంతోషం వేసింది. కానీ ఆ రెండింటికీ మధ్య పదేళ్లయినా పని చెయ్యాలి తల్లీ.

ముందు వెలుగుని చూడటం అలవాటు చేసుకో. అందుకు శ్రీకాకుళం దాటక్కర్లేదు. అరసవల్లిలో మార్చి రెండో వారంలో, మళ్లీ అక్టోబరు మొదట్లో తొలి కిరణాలు స్వామి పాదాల మీద పడతాయి కదా. ఆ రెండుసార్లూ సూర్యుడు తూర్పున దాదాపు ఒకే చోట ఉదయిస్తాడు. మిగతా రోజుల్లో అటో ఇటో జరిగిపోతాడు. ఔట్‌డోర్‌లో పనిచేసేవాళ్లకి ఇది చాలా ముఖ్యం. మార్చిలో పొద్దున్నే ఒక వీధిలో సగం సీను తీసి, మిగతా సగం జూన్‌లో తీస్తే నీడలు కలవవు. కళింగపట్నంలో పడవలు ఒడ్డుకొచ్చేటప్పుడు, పొందూరులో రాట్నం ముందు కూర్చున్నావిడ మీద కిటికీ వెలుగు పడేటప్పుడు ఫోన్‌తోనే తియ్యి. ముఖంలో ఏ వైపు నీడ ఉండాలో ముందే నిర్ణయించుకో. ఆ నీడ తగ్గించడానికి తెల్ల థర్మాకోల్ షీటు చాలు, పెద్ద షూటింగుల్లోనూ అదే వాడతారు. ట్యూబ్‌లైట్ల కింద తీస్తే షట్టర్ వేగం సెకనులో 1/50 వంతు దగ్గర పెట్టు. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి బొమ్మ మీద చారలు రావు.

పూణెలోని ప్రభుత్వ సినిమా శిక్షణ సంస్థ ఎఫ్‌టీఐఐలో సినిమాటోగ్రఫీ, అంటే కెమెరా పని, మూడేళ్ల కోర్సు ఉంది. ప్రవేశ పరీక్ష రాయి. సీటు రాకపోతే దిగులు పడకుండా హైదరాబాద్‌లో కెమెరా అసిస్టెంట్‌గా చేరు. లైట్‌మెన్ దగ్గర కూర్చుని నేర్చుకో, వాళ్లకి తెలిసినంత చాలామంది కెమెరామెన్‌కే తెలియదు.

ఒకే రకం బొమ్మకి అలవాటు పడకు. కెమెరామన్ మార్కస్ బార్ట్‌లీ గారు 1957లో ‘మాయాబజార్’లో నలుపు తెలుపుల్లోనే వెన్నెల కురిపించారు. 1965లో మలయాళం ‘చెమ్మీన్’కి రంగుల్లో సముద్రాన్ని, జాలర్ల బతుకుని చూపించారు. ఇంకో కెమెరామన్ సెంథిల్ కుమార్ 2003లో ‘ఐతే’ అనే చిన్న సినిమా చేశారు, 2015లో ‘బాహుబలి’ చేశారు. కథ ఏ వెలుగు అడుగుతోందో ప్రతిసారీ కొత్తగా వెతుక్కున్నవాళ్లు వీళ్లు.

ఇక నిర్మాణం. సంతోష్ శివన్ 2011లో ‘ఉరుమి’కి దర్శకత్వం, కెమెరా చూసుకుంటూ నిర్మాతల్లో ఒకరుగా కూడా ఉన్నారు. అది చేయగల పనే. కెమెరా తెలిసిన నిర్మాతకి ఒక షాట్‌కి లైటింగ్ ఎంతసేపు పడుతుందో తెలుసు. ఆ సేపంతా జనరేటర్ అద్దె, యూనిట్ వాళ్ల బేటాలు (రోజువారీ ఖర్చు డబ్బులు), భోజనాలు, ఆర్టిస్టుల కాల్షీట్లు నడుస్తూనే ఉంటాయని కూడా తెలుసు. కానీ తనకి నచ్చిన షాట్ మళ్లీ మళ్లీ తీస్తుంటే ఆపేవాళ్లెవరూ ఉండరు. నాకు భయమంతా అక్కడే. అందుకే లెక్కలు చూడటానికి గట్టి ప్రొడక్షన్ మేనేజర్‌ని పెట్టుకో. అతను ఇక చాలు మేడమ్ అంటే, లైటు ఎంత బాగున్నా ప్యాకప్ చెప్పు. ఎడిటింగ్, సౌండ్, డీఐ (రంగులు సరిదిద్దే పని), విడుదల ఖర్చు మొదటి రోజే పక్కన తీసి పెట్టు. షూటింగ్ పూర్తయ్యి, ఈ డబ్బుల్లేక ల్యాబ్‌లో ఉండిపోయే సినిమాలు ఎన్నో. వడ్డీకి తెచ్చిన డబ్బుతో మొదలుపెట్టావంటే విడుదల ఒక వారం వాయిదా పడినా నిద్ర పట్టదు.

ఇంకోటి. మీ నాన్న వంశధార కాలువ కింద పొలం అమ్మి ఇస్తాననే రకం. నువ్వంటే బావకి అంత ప్రాణం. ఎప్పుడడిగినా వద్దనే చెప్పు. నీ సంపాదనలోంచి, నీతో పనిచేసిన స్నేహితుల వాటాలతో మొదటి సినిమా చిన్నగా తియ్యి, మన ఊళ్లోనే తియ్యి.

ఆదివారం ఆమదాలవలస వస్తున్నాను. నా లైట్ మీటరు, ట్రైపాడ్ తెస్తాను, ఇకనుంచి అవి నీవే. ఫోన్‌లో తీసినవన్నీ చూపించు. బాగా రాలేదని డిలీట్ చెయ్యకు, నేను ముందు చూడాల్సింది వాటినే.

ప్రేమతో,
మావయ్య