అలెగ్జాండర్ సైన్యం గెలిచింది పొడవాటి ఈటెల వల్లేనా?

ఈటెలు సగం కథే. అలెగ్జాండర్ తండ్రి రెండో ఫిలిప్ క్రీ.పూ. 359లో మాసిడోనియాలో అధికారంలోకొచ్చి, కాలిబంట్లకు సరిస్సా అనే ఈటె ఇచ్చాడు. పొడవు ఐదారు మీటర్లు. రెండు చేతులతో పట్టుకోవాల్సిందే, అందుకే చిన్న డాలును మెడకు తగిలించుకునేవారు. సాధారణంగా 16 వరుసల్లో నిలబడేవారు. మొదటి ఐదు వరుసల ఈటె మొనలు ముందుకు పొడుచుకొచ్చేవి. దీనికి ఎదురెళ్లడం దాదాపు ఆత్మహత్యే.

కానీ ఫాలాంక్స్ అనే ఈ ఈటెల వ్యూహం అసలు పని శత్రువును కదలనివ్వకుండా పట్టి ఉంచడం. దెబ్బ కొట్టేది ‘కంపానియన్లు’ అనే గుర్రపు దళం. క్రీ.పూ. 331లో గాగమేలా దగ్గర అలెగ్జాండర్ కుడివైపుకు జరుగుతూ పోయాడు. పర్షియన్లు అతన్ని అడ్డుకోబోయి తమ వరుసలోనే సందు వదిలారు. గుర్రాలు త్రికోణాకారంలో ఆ సందులోంచి నేరుగా పర్షియా రాజు డేరియస్ వైపు దూసుకెళ్లాయి. రాజు పారిపోయాడు. అదే సమయంలో ఎడమవైపు అలెగ్జాండర్ సేనాని పార్మెనియన్ దళానికి ఊపిరాడలేదు, ఆ సంగతి పెద్దగా ఎవరూ చెప్పరు.

ఎగుడుదిగుడు నేల మీద మాత్రం ఫాలాంక్స్ వరుస చెదిరేది. క్రీ.పూ. 168లో పిడ్నా దగ్గర రోమన్లు ఆ ఖాళీల్లోకి చొరబడి పొట్టి కత్తులతో పని కానిచ్చారు. ఆ రోజు మాసిడోనియా గుర్రపు దళం దాదాపు యుద్ధమే చేయలేదు.