అరిచే పిల్లి ఉన్న ఇంటికి కొత్త కూన

అమ్మలూ,

ఆదివారం పిల్లికూనను తెచ్చుకుంటున్నానని నువ్వు ఫోన్‌లో చెప్తున్నంతసేపూ వెనకాల మీ గండుపిల్లి అరుస్తూనే ఉంది. నా బెంగంతా వాడి గురించే. కూనదేముంది, చిన్నది, ఎలాగోలా అలవాటు పడుతుంది.

మొదటి రోజే రెండింటినీ హాల్లో వదిలెయ్యకు. నేను ఆ తప్పు చేశాను. మా ముసలి పిల్లి బీరువా ఎక్కి కూర్చుని మూడు రోజులు సరిగ్గా తిండి తినలేదు, రాత్రి నా పక్క మీద ఉచ్చ పోసింది, భయంతో చేసిన పనికి దాన్ని తిట్టానే అని ఇప్పటికీ బాధగా ఉంటుంది. చిన్న బెడ్‌రూమ్ కూనకిచ్చి కనీసం పది రోజులు తలుపు వేసి ఉంచు. ఈలోపు డాక్టర్‌కి చూపించి టీకాలు మొదలుపెట్టించు.

ముందు వాసనతో పరిచయం చెయ్. పాత తువ్వాలుతో కూన బుగ్గలు తుడిచి, మీ గండుపిల్లి అన్నం గిన్నెకి కాస్త దూరంగా పడెయ్. పిల్లులకి వాసన గ్రంథులు బుగ్గల దగ్గర కూడా ఉంటాయి, కుర్చీ కాళ్ళకి మూతి రుద్దేది అందుకే. తర్వాత తలుపుకి అటొకటి ఇటొకటి గిన్నెలు పెట్టు. మా ఇంట్లో రెండింటినీ విడదీశాక అయిదో రోజున తలుపు కింద సందులోంచి కూన పంజా బయటికొచ్చింది, మా ముసలిది దాన్ని వాసన చూసి చాలాసేపు కదలకుండా అక్కడే కూర్చుంది. ఆ సాయంత్రం నుంచే అరుపు తగ్గింది.

ఇక వాడి అరుపు. పెద్ద పిల్లులు వాటిలో అవి మ్యావ్ అనుకోవడం చాలా తక్కువ, అది ఎక్కువగా మనతోనే. తలుపు ముందు అరిచేది కూనని కాదు, నిన్నే పిలుస్తున్నాడు. అరిచినప్పుడల్లా పరుగెత్తకు, అరిస్తే వస్తావని నేర్చుకుంటాడు, నోరు మూసుకున్న క్షణంలో వెళ్ళి ఒళ్ళో కూర్చోబెట్టుకో. రోజూ రాత్రి వాడితో ఆడుకునే టైమ్ మాత్రం తగ్గించకు.

ఎదురుపడ్డప్పుడు బుస కొడితే కంగారు పడకు, అది దూరంగా ఉండమని చెప్పడమే. తోక చీపురులా ఉబ్బి, చెవులు వెనక్కి పోయి, గొంతు లోపల్నుంచి సాగదీసి అరుస్తుంటే మాత్రం మధ్యలో అట్టముక్క అడ్డం పెట్టి విడదియ్, చెయ్యి పెట్టకు.

ఒక్కటి బాగా గుర్తుపెట్టుకో. ఇసుక డబ్బాలో కూర్చుని చుక్క రాక అరుస్తుంటే అలక అనుకోవద్దు. మగపిల్లికి మూత్రం అడ్డుపడితే ప్రాణం మీదికొస్తుంది, అర్ధరాత్రైనా డాక్టర్ దగ్గరికి తీసుకెళ్ళు. ఆ డబ్బాలు కూడా రెండు పిల్లులకి మూడుండాలి, మూడోది శనివారం లోపు కొను.

రాత్రి వాడి అరుపు ఆగకపోతే ఫోన్ చెయ్, ఎంత రాత్రైనా ఎత్తుతాను.

పెద్దమ్మ