1946లో బ్రిటన్ రేడియోలో అంత ప్రత్యేకం ఏముంది?

యుద్ధం అయిపోయాక రేడియో చప్పబడిపోయి ఉండాలి కదా, 1946ని ఎందుకంత గొప్పగా చెప్తారు అని అడిగారు. నేను చరిత్రకారుణ్ని కాను, పాత రేడియోల పిచ్చి ఉన్నవాణ్ని, అంతే. 2013లో ఇంగ్లండ్‌లోని లెస్టర్‌లో ఉండగా మా పక్కింటి పెద్దావిడ ఇల్లు ఖాళీ చేస్తూ వాళ్ల నాన్నగారి వాల్వ్ సెట్ (గాజు వాల్వులతో పనిచేసే పాతకాలం రేడియో) నాకిచ్చేశారు. ఆత్రం కొద్దీ తెచ్చి నేరుగా ప్లగ్గు పెట్టాను, ఐదు నిమిషాల్లో పొగ. (లోపల కరెంటు నిలవ చేసే పాత భాగాలు, అంటే కెపాసిటర్లు, మార్చకుండా ఎవరూ ఆ పని చేయకండి.)

దాని డయల్ మీద లైట్, హోమ్, థర్డ్ అని మూడు పేర్లుంటాయి, అవి అప్పటి బీబీసీ రేడియో ఛానళ్లు. ఆ థర్డ్ ప్రోగ్రామ్ మొదలైంది 1946 సెప్టెంబర్ 29న, అంటే సెట్ ఆ తర్వాతిదే అన్నమాట. సాయంత్రం ఆరు నుంచి అర్ధరాత్రి దాకా శాస్త్రీయ సంగీతం, కవిత్వం, పెద్ద పెద్ద నాటకాలు. పుస్తకాల్లో అందరూ దీన్నే పొగుడుతారు. "మా ఇంట్లో ముల్లు అటు పోయిందే లేదు" అనేవారు పెద్దావిడ!

నన్నడిగితే అసలు రోజు అక్టోబర్ 7. మధ్యాహ్నం రెండింటికి లైట్‌లో 'ఉమన్స్ అవర్' మొదలైంది, ఇప్పటికీ వస్తోంది, కానీ ఆడవాళ్ల కార్యక్రమానికి మొదటి వ్యాఖ్యాత అలన్ ఐవిమీ అనే మగాయన! అదే సాయంత్రం 6.45కి 'డిక్ బార్టన్', పావుగంట డిటెక్టివ్ సీరియల్. అప్పటికి పదేళ్ల పిల్ల అయిన మా పెద్దావిడ, ఆ టైముకి వీధిలో ఒక్క పిల్లాడు కూడా కనిపించేవాడు కాదని, హోంవర్క్ అయ్యాకే వినాలని వాళ్లమ్మ షరతు పెట్టేదని చెప్పేవారు. ఆ ఏడాది మార్చిలోనే మొదలైన, పాత్రికేయుడు అలిస్టర్ కుక్ రేడియోలో చెప్పే అమెరికా కబుర్లు 2004 దాకా నడిచాయి.

కారణం కూడా పెద్ద రహస్యమేం కాదు. యుద్ధంలో కూడా రేషన్ లేని రొట్టెకి ఆ జూలైలో రేషన్ పెట్టారు, న్యూస్‌ప్రింట్ కొరతతో పేపర్లు నాలుగైదు పేజీలకు చిక్కిపోయాయి, టీవీ జూన్‌లో మళ్లీ మొదలైనా లండన్ చుట్టుపక్కల వాళ్లకే. ఇక జనానికి మిగిలింది రేడియోనే. రేడియో వినడానికి ఏటా కట్టాల్సిన లైసెన్సు రుసుమును అదే జూన్‌లో పది షిల్లింగుల నుంచి పౌండుకి, అంటే రెట్టింపు చేసినా, కోటికి పైగా ఇళ్లు కట్టాయి. మా నాన్నగారు కూడా పోస్టాఫీసులో రేడియో లైసెన్సు కట్టి వచ్చి గొణిగేవారు, అది గుర్తొచ్చింది.

సెట్ బాగయ్యాక లాంగ్‌వేవ్‌లో 1500 మీటర్ల దగ్గర, లైట్ అని రాసున్న చోటే ముల్లు పెడితే రేడియో 4 వచ్చేది, దాంట్లో క్రికెట్ కామెంటరీ కూడా. 2014 ఓల్డ్ ట్రాఫర్డ్ టెస్టులో మనవాళ్లు 8 పరుగులకే 4 వికెట్లు పారేసుకోవడం ఆ సెట్లోనే విన్నాను.