నిర్మాత కావాలనుకుంటున్న మేనకోడలికి

చిరంజీవి మేనకోడలికి మామయ్య ఆశీస్సులు.

బొమ్మలు గీయడం చాలించి యానిమేషన్ సినిమాలకు నిర్మాతను కావాలనుకుంటున్నానని రాశావు. హైదరాబాదులో కూర్చుని ఇరవై ఏళ్ళకు పైగా పరాయి దేశాల సినిమాలకు బొమ్మలు గీయించినవాణ్ణి కనుక నీ ఆలోచనను కాదనలేను. అయితే ఈ పనిలో దిగేముందు ఫ్రాన్సుకు చెందిన యానిమేషన్ నిర్మాత దిదియే బ్రూనేర్ నడిచిన దారిని ఒకసారి శ్రద్ధగా చూడమంటాను.

నిర్మాత అనగానే మనవాళ్ళకు డబ్బు సంచి గుర్తుకొస్తుంది. బ్రూనేర్ చేసిన పని వేరు. 1994లో ఆయన 'లెజ్ ఆర్మతోర్' సంస్థను ప్రారంభించాడు. మిషెల్ ఒసెలో దర్శకత్వంలో 1998లో విడుదలైన 'కిరికూ'కు డబ్బు ఒక్క చోట దొరకలేదు. ఫ్రాన్సు, బెల్జియం, లక్సెంబర్గులు కలిసి పెట్టుబడి పెట్టగా, బొమ్మల పనిలో కొంత హంగరీలోనూ లాత్వియాలోనూ జరిగింది. కథ పశ్చిమాఫ్రికా పల్లెది కాబట్టి గొంతులు సెనెగల్ రాజధాని డకార్‌లో రికార్డు చేశారు, సంగీతం ఆ దేశపు గాయకుడు యూసు న్‌దూర్ చేత చేయించారు. ఇలాంటి ఉమ్మడి నిర్మాణంలో సాధారణంగా ఏ దేశం డబ్బు ఇస్తే ఆ దేశంలో కొంత పని జరగాలన్న షరతు ఉంటుంది. అందువల్ల ఎవరి వాటా ఎంత అన్న లెక్కతో పాటు, ఎవరి చేతికి ఏ పని ఇస్తే సినిమా చెడకుండా ఉంటుందన్న లెక్క కూడా నిర్మాతే వేయాలి.

ఈ రెండో లెక్క తప్పితే ఏమవుతుందో నేను అనుభవించాను. ఒక విదేశీ సంస్థ ఇచ్చిన పనిని మేము ఒప్పుకున్నప్పుడు, ఎన్ని రీటేకుల (చేసిన పనిని దిద్ది మళ్ళీ చేయడం) వరకు మా ఖర్చు, ఆపైన ఎవరి ఖర్చు అన్నది కాగితం మీద రాయించుకోలేదు. ఒకే పాత్ర ముఖం రెండు స్టూడియోలలో రెండు రకాలుగా వచ్చేసరికి, దిద్దుబాట్ల భారమంతా మా నెత్తిన పడి ఆ ఏడాది లాభం హరించుకుపోయింది. కాబట్టి మోడల్ షీట్లు (పాత్ర ఎలా ఉండాలో అన్ని వైపుల నుంచీ చూపే నమూనా బొమ్మలు) ఖరారు కాకముందే పని పంచవద్దు, రీటేకుల షరతు లేని ఒప్పందం మీద సంతకం పెట్టవద్దు.

కిరికూలోని స్త్రీలు ఆ పల్లె అలవాటు ప్రకారం పైబట్ట లేకుండా ఉంటారు. కొన్ని దేశాల కొనుగోలుదారులు వారికి బట్టలు వేయమని అడిగినా ఒసెలో ఒప్పుకోలేదు, సినిమా ఉన్నదున్నట్టుగానే విడుదలైంది. ఫ్రాన్సులో పది లక్షలమందికి పైగా చూశారు, 1999లో ఫ్రాన్సులోని అన్నెసీ యానిమేషన్ ఉత్సవంలో దీర్ఘచిత్రాల బహుమతి కూడా దక్కింది. అడిగిన ప్రతి మార్పుకూ తలవంచే నిర్మాతకు మంచి దర్శకుడు రెండోసారి కథ చెప్పడు. (బేరం చేతకాకపోవడం వేరు, మొండితనం వేరు. ఆ తేడా నాకు ఆలస్యంగా తెలిసింది.)

మనుషులను ఎంచుకునే తీరులో కూడా బ్రూనేర్ దగ్గర నేర్చుకోవలసింది ఉంది. సిల్వాన్ షోమె చేత మొదట ఒక లఘుచిత్రం తీయించి, ఆ తర్వాతే 2003లో వచ్చిన 'బెల్‌విల్ త్రయం' వంటి పెద్ద సినిమాకు పూనుకున్నాడు. 'ఎర్నెస్ట్, సెలెస్టీన్' సినిమాకు వలాన్స్‌లోని యానిమేషన్ బడి నుంచి అప్పుడే బయటికొచ్చిన బెంజమెన్ రెన్నేర్‌ను తీసుకుని, ఇద్దరు అనుభవజ్ఞులైన దర్శకులను అతనికి జతచేశాడు. ఈ రెండు దీర్ఘచిత్రాలూ ఆస్కార్ పోటీ దాకా వెళ్ళాయి. 2014లో ఫోలివారి అనే కొత్త సంస్థ పెట్టినప్పుడు కూడా రెన్నేర్‌తోనే మరో సినిమా తీయించాడు.

ఫ్రాన్సులో ప్రతి సినిమా టికెట్టు ధరలో 10.72 శాతం సినిమా నిధికి వెళ్ళి, అందులో కొంత మళ్ళీ నిర్మాణాలకు చేరుతుంది. నీకు అలాంటి ఆసరా లేదు కాబట్టి ఆయన లెక్కలను యథాతథంగా తెచ్చుకోకు. మొదట పది నిమిషాలకు మించని లఘుచిత్రం ఒకటి తలపెట్టు. దాని యానిమాటిక్‌నూ (కథ బొమ్మలను నిడివి ప్రకారం వరుసగా పేర్చిన ముసాయిదా వీడియో), ఎవరెవరు ఎన్ని వారాలు పనిచేయాలో రాసిన ఖర్చుల పట్టికనూ సంక్రాంతికి వచ్చేటప్పుడు వెంట తీసుకురా. ముందు పట్టిక చూస్తాను, బొమ్మలు ఆ తర్వాత.

ఇట్లు,
నీ మామయ్య