ఒక్క పిల్ల కోసం రైలు ఆపారా? జపాన్ పల్లె స్టేషన్ల మీద మీ ప్రశ్నలు, నా జవాబులు

పోయిన నెల ఈ శీర్షికలో మా ఊరి రైలు గురించి రెండు పేరాలు రాస్తే ఇన్ని ఉత్తరాలు వస్తాయనుకోలేదు. కొత్తగా చదివేవాళ్ళ కోసం ఒక్క మాట. నేనుండేది జపాన్‌లో, ఫుకుషిమా ప్రిఫెక్చర్ (మన రాష్ట్రం లాంటిది)లోని ఐజు-వాకమత్సు పట్నంలో. వచ్చి పదకొండేళ్ళయింది. ఇక్కడినుంచి తదామి నది వెంబడి కొండల్లో పడి, పక్కనున్న నీగతా ప్రిఫెక్చర్‌లోని కొయిదే దాకా 135.2 కిలోమీటర్ల సింగిల్ లైను పోతుంది. దాన్ని తదామి లైను అంటారు. నెలకు రెండుసార్లయినా ఆ రైలెక్కుతాను. బుట్టలల్లడం నేర్చుకోవడానికి లోపలి పల్లెలో ఒక పెద్దావిడ దగ్గరికి వెళ్తుంటాను.

ప్రశ్న: హొక్కైడోలో ఒకే ఒక్క విద్యార్థిని కోసం స్టేషన్ మూసేయకుండా, ఆమె చదువు అయ్యేదాకా రైలు నడిపారని వాట్సాప్‌లో ఏటా ఎవరో ఒకరు పంపిస్తూనే ఉంటారు. మా పిల్లలకు కూడా చెప్పాను. నిజమేనా?
– ఒక ఉపాధ్యాయురాలు

సగం నిజమండీ. ఆ స్టేషన్ పేరు క్యూ-షిరతాకి. చాలా ఫార్వర్డుల్లో కామి-షిరతాకి అని రాస్తారు, అది అదే లైనులో ఇంకో స్టేషన్. ఎంగారు పట్నంలో ఉన్నత పాఠశాలకు వెళ్ళే అమ్మాయి క్యూ-షిరతాకిలోనే ఎక్కేది. ఆమె చదువు ముగిసిన నెలలోనే, 2016 మార్చి 26న, ఆ స్టేషన్ మూసేశారు. ఇంతవరకు నిజం.

కానీ రైలు ఆమె ఒక్కతె కోసం నడవలేదు. అది అసహికవా నుంచి అబాషిరి వైపు పోయే సెకిహొకు లైను. దారిలో ఇతర స్టేషన్లలో ఇతర జనం ఎక్కుతారు, దిగుతారు. ఆమె ఊళ్ళో మిగిలింది ఒక చెక్క గది, ఒక ప్లాట్‌ఫాం, రైలు అక్కడ ఆగడం. ఇక జపాన్‌లో రైళ్ళ టైం టేబుల్ ఏటా మార్చిలోనే మారుతుంది. బడి చదువు ముగిసేదీ మార్చిలోనే. అందుకే రెండూ ఒకే నెలలో పడ్డాయి. ఆ రోజు మూతపడ్డది కూడా అదొక్కటే కాదు, అదే లైనులోని కామి-షిరతాకి, షిమో-షిరతాకి కూడా మూసేశారు.

పిల్లలకు కథ చెప్పడం మానొద్దు. దాంతోపాటు ఇంకో సంగతి కూడా చెప్పండి. ఆ కథలో రైల్వే ఒక్కటే దయగలదానిలా కనబడుతుంది. ఆ గదిని ఊడ్చినవాళ్ళు, కిటికీ అద్దాలు తుడిచినవాళ్ళు, మంచు తోడినవాళ్ళు ఎక్కడా కనబడరు. నేను చూసిన ప్రతి చిన్న స్టేషన్ వెనకా అలాంటి చేతులున్నాయి.

ప్రశ్న: నగోయాలో ఉద్యోగం. సెలవుల్లో లోకల్ లైన్ల మీద తిరగాలని ఉంది. సిబ్బంది లేని స్టేషన్‌లో టికెట్ ఎక్కడ కొనాలి, ఎవరికివ్వాలి? కార్డు గీకితే చాలదా?
– ఒక పాఠకుడు

చిన్న లైన్లలో చాలాచోట్ల కార్డు పనిచెయ్యదు. చిల్లర ఉంచుకోండి, అన్నిటికంటే ముందు అది. సిబ్బంది లేని స్టేషన్‌ను ఇక్కడ ‘ముజిన్ ఎకి’ అంటారు, మనుషుల్లేని స్టేషన్ అని. దేశం మొత్తం స్టేషన్లలో దాదాపు సగం ఇలాంటివే.

ఒకే పెట్టె, డ్రైవర్ ఒక్కడే ఉండే రైలైతే మామూలుగా వెనక తలుపులో ఎక్కాలి. ఎక్కగానే పక్కన చిన్న పెట్టెలోంచి ఒక కాగితం ముక్క బయటికి వచ్చి ఉంటుంది. లాక్కోండి. మీరెక్కిన స్టేషన్ అంకె దానిమీద ఉంటుంది. డ్రైవర్ తలపైన బోర్డు మీద అంకెలూ, వాటి కింద ఛార్జీలూ ఉంటాయి. స్టేషన్ దాటినకొద్దీ ఆ ఛార్జీలు పెరుగుతుంటాయి. మీ స్టేషన్ రాగానే ముందు తలుపు దగ్గరికి వెళ్ళి, మీ అంకె కింద ఎంతుందో చూసి, ఆ డబ్బూ కాగితం ముక్కా కలిపి డ్రైవర్ పక్కనున్న డబ్బాలో వెయ్యాలి. ఆ డబ్బా చిల్లర వెనక్కివ్వదు. చిల్లర మార్చే యంత్రం అందులోనే ఉంటుంది, కానీ 1,000 యెన్‌ల నోటు దాకానే తీసుకుంటుంది. రైలు ఆగి ఉన్నప్పుడే మార్చుకోండి. 10,000 నోటు పట్టుకుని డ్రైవర్ ముందు నిలబడితే వెనకవాళ్ళందరూ ఆగాలి.

ప్రశ్న: మనుషుల్లేని స్టేషన్ అంటే పాడుబడి, బూజు పట్టి ఉండాలి కదా. ఫొటోల్లో అద్దంలా ఉంటున్నాయి. ఎవరు చూసుకుంటారు?

ఊరివాళ్ళే. నేను దిగే స్టేషన్ సంగతి చెబుతాను. పేరు మాత్రం రాయను, ఆవిడ వద్దన్నారు.

ఆవిడంటే నాకు బుట్టలల్లడం నేర్పే పెద్దావిడే. అసలు మా పరిచయం ఆ స్టేషన్‌లోనే. నేను వచ్చిన రెండో ఏడు నవంబరులో రెండే నిమిషాలు ఆలస్యమై రైలు తప్పిపోయింది. తరవాతి బండి మూడు గంటల పైనే. వేచి ఉండే గది నాలుగు బారలుంటుందేమో. గోడ వెంట చెక్క బల్ల. దాని మీద ఆరు చిన్న దిండ్లు, పాత కిమోనో గుడ్డల ముక్కలతో కుట్టినవి. ఒక దాని అంచు చిరిగితే నీలం దారంతో తిప్పి కుట్టారు. కుట్లు వంకరగా ఉన్నాయి, కానీ గట్టిగా ఉన్నాయి. మూలన మంచు తోడే పార ఒకటి, ఒక చీపురు. కిటికీ గట్టు మీద నోటు పుస్తకం, దానికి దారంతో కట్టిన పెన్సిలు. ఇలాంటి పుస్తకాన్ని ‘ఎకి నోటో’ అంటారు. ఎవరెవరో వచ్చి రాసి వెళ్తుంటారు. వాన పడిందనో, అమ్మమ్మ ఊరనో, మూడేళ్ళ తరవాత మళ్ళీ వచ్చాననో. అది చదువుతూ కూర్చున్నాను. ఆవిడ ఉతికిన దిండు తొడుగులు సంచిలో పెట్టుకుని వచ్చారు. నన్ను చూసి ఏమీ అడగలేదు. తొడుగులు మార్చి, కిటికీ తీసి దుమ్ము దులిపి, తరవాత చలిగా ఉంటుంది మా ఇంటికి రమ్మన్నారు. ఆ మూడు గంటలూ ఆవిడ పొయ్యి పక్కన కూర్చుని మతతాబి తీగ చీల్చడం చూశాను. ఇప్పటికీ వెళ్తూనే ఉన్నాను.

ఈ ప్రాంతపు అల్లికలను ‘ఓకు-ఐజు అమికుమి’ అంటారు. 2003లో వీటికి జాతీయ సంప్రదాయ చేతిపనిగా గుర్తింపు వచ్చింది. మతతాబి తీగతో బియ్యం కడిగే బుట్టలు, అడవి ద్రాక్ష బెరడుతో సంచులు. మంచులో చిక్కుకుపోయే నాలుగు నెలల పని అది.

ఆవిడ వారానికోసారి స్టేషన్ ఊడుస్తారు. జీతం లేదు. ఎందుకని ఒకసారి అడిగాను. వాకిలి ఊడ్చుకోమా అన్నారు.

ప్రశ్న: మీ తదామి లైనులో ఒక ముక్క మీద రోజుకు సగటున 49 మందే వెళ్ళేవారని, వరదకు కొట్టుకుపోతే కోట్లు పోసి మళ్ళీ కట్టారని చదివాను. రిటైరైన అకౌంట్స్ ఆఫీసర్‌ని. నాకిది ప్రజల సొమ్ము పారబొయ్యడంలా అనిపిస్తోంది. ఒక బస్సు వేస్తే సరిపోయేది కదా?

మీ ప్రశ్న న్యాయమైనదే, కాబట్టి కొంచెం పొడుగ్గా చెబుతాను. లెక్కా సరైనదే. ఐజు-కవగుచి నుంచి తదామి దాకా 27.6 కిలోమీటర్లు. వరదకు ముందు, 2010లో, అక్కడ ప్రయాణికుల సగటు రోజుకు 49. 2011 జూలై చివర్లో కుండపోత కురిసి ఈ ముక్కలో 5, 6, 7 నంబర్ల వంతెనలు దెబ్బతిన్నాయి. తదామి నది ఇనుప దూలాలను ఈడ్చుకుపోయింది. పదకొండేళ్ళు ఆ ముక్కలో మీరన్నట్టు బస్సే నడిచింది. ఈ లైను నడిపే రైల్వే కంపెనీ జేఆర్ ఈస్ట్ కూడా బస్సే చాలనుకుంది.

ఒప్పుకోనిది ప్రిఫెక్చరూ, ఐజు ప్రాంతపు ఊళ్ళూ. ఏళ్ళ తరబడి మాట్లాడి 2017 జూన్‌లో ఒప్పందానికి వచ్చారు. పట్టాలు, వంతెనలు, స్టేషన్లు ప్రిఫెక్చర్ సొంతం అవుతాయి, వాటి నిర్వహణ ఖర్చు ప్రిఫెక్చరూ ఊళ్ళూ పంచుకుంటాయి. జేఆర్ ఈస్ట్ రైలు మాత్రం నడుపుతుంది. బాగుచెయ్యడానికి సుమారు 900 కోట్ల యెన్‌లయింది. 2022 అక్టోబర్ 1న మళ్ళీ రైలు వచ్చింది. ఆ ముక్కలో ఇప్పటికీ రోజుకు రానూపోనూ మూడే బళ్ళు.

ఇక బస్సు సంగతి. 1980లో నష్టాల లైన్లను వదిలించుకోవడానికి జపాన్ ఒక చట్టం చేసింది. ప్రయాణికుల సగటు రోజుకు 4,000 కంటే తక్కువుంటే ఆ లైను కత్తెర కిందకు వచ్చినట్టే. అలా 83 లైన్లు ఎంపికైతే, 45 బస్సులుగా మారాయి, మిగిలిన 38 ఊళ్ళూ ప్రైవేటు వాళ్ళూ కలిసి పెట్టిన సంస్థల వంటివాటి చేతికి వెళ్ళాయి. తదామి లైను ఆ జాబితాలో లేదు. కారణం మంచు. తదామి నుంచి నీగతా వైపు కొండ దాటించే 252 నంబరు జాతీయ రహదారి చలికాలమంతా మూసే ఉంటుంది. బస్సు ఎక్కడ నడవాలి? రైలుకు మాత్రం 1971లో తెరిచిన 6,359 మీటర్ల సొరంగం ఉంది. ఆ నెలల్లో ఆ కొండకు అటూ ఇటూ ఉన్న మనుషులను కలిపేది అదొక్కటే. మీరు అడిగిన ముక్క కొండకు ఇవతల ఉంది, అక్కడ రోడ్డుంది, ఒప్పుకుంటాను. కానీ నడుమ ముక్క తెగితే సొరంగం ముక్క తోక తెగిన గాలిపటమే.

ఇంకొకటి ఉంది. నాకు మిగతా అన్నిటికంటే బలమైన కారణం ఇదే. ఆ 27.6 కిలోమీటర్ల పట్టాలు మొదట వేసింది ప్రయాణికుల కోసం కాదు. తగొకురా ఆనకట్టకు సిమెంటూ ఇనుమూ మోయడానికి 1957లో వేశారు. జనం ఎక్కే రైలు 1963లో గానీ రాలేదు. ఆ ఆనకట్ట కింద తగొకురా అనే పల్లె మునిగిపోయింది. ఈ నది మీద పుట్టిన కరెంటు టోక్యో వైపు పోయింది. ఊరిచ్చి, నదినిచ్చి, వెలుగు పట్నాలకు పంపినవాళ్ళకు మిగిలింది ఈ రైలొక్కటి. మీరు ఖాతాలు చూసినవారు కాబట్టి అడుగుతున్నాను, ఆ జమ ఏ పద్దు కింద రాస్తారు? 49 అన్న అంకె పక్కన అది కూడా ఉండాలి కదా.

అన్నిచోట్లా ఇలా జరగలేదు. హొక్కైడోలో నెమురో లైను 2016 ఆగస్టు తుపానులకు తెగిపోయింది. దాన్ని బాగుచెయ్యలేదు. ఫురానో నుంచి షింతొకు దాకా 81.7 కిలోమీటర్లు 2024 మార్చి 31తో ముగిసిపోయాయి. అక్కడి ఊళ్ళవాళ్ళకు ప్రేమ లేక కాదు, అంత ఖర్చు మోసే స్తోమత లేక. అందుకే తదామి లైను దక్కడం నాకు అంత పెద్ద విషయం. నేను 2022 అక్టోబర్ 1న వెళ్ళాను. పట్టాల పక్కన పొలాల్లో ముసలివాళ్ళు నిలబడి చేతులూపుతున్నారు. పెట్టెలో నా పక్కనున్నాయన తిరిగి ఊపుతూ ఏడ్చేశాడు. నేనూ ఆపుకోలేకపోయాను.

ప్రశ్న: పిల్లి స్టేషన్ మాస్టర్ నిజంగా ఉందా? – తొమ్మిదో తరగతి

ఉందమ్మా. వకయామాలో కిషి స్టేషన్. తామా అనే మూడు రంగుల పిల్లిని 2007 జనవరిలో స్టేషన్ మాస్టర్‌ని చేశారు, టోపీ కూడా పెట్టారు. 2015లో చనిపోయింది. ఆ తరవాత నితామా అనే పిల్లి ఆ బాధ్యత తీసుకుంది. అంతకుముందు ఆ లైను మూసేయబోయారు. 14.3 కిలోమీటర్ల ఆ చిన్న లైనుకు తామాను చూడ్డానికి విదేశాల నుంచి కూడా జనం వచ్చారు.

ప్రశ్న: జనవరిలో మేమిద్దరం వస్తున్నాం. మంచులో తదామి లైను చూడాలని మా ఆవిడ కోరిక. ఏం జాగ్రత్తలు తీసుకోవాలి?

జనవరి మొదటి వారంలోనే రండి. సీషున్ 18 అనే టికెట్ ఉంది, పేరులో 18 ఉన్నా ఏ వయసువాళ్ళయినా కొనుక్కోవచ్చు. చలికాలంలో అది జనవరి 10 దాకా చెల్లుతూ వస్తోంది. 2024 చలికాలం నుంచి మూడు రోజులది 10,000 యెన్‌లు, అయిదు రోజులది 12,050. వరస రోజుల్లోనే వాడాలి, మనిషికొకటి కొనాలి, ఎక్స్‌ప్రెస్‌లకు పనికిరాదు. తదామి లైనుకు చక్కగా పనికొస్తుంది.

పెద్ద మంచు పడితే ఆ రోజు బండి ఆగిపోవచ్చు. కాబట్టి తిరుగు విమానానికి ముందురోజు ఈ ప్రయాణం పెట్టుకోకండి. ఫొటోల్లో చూసే మొదటి వంతెన ఐజు-హినొహరా, ఐజు-నిషికతా స్టేషన్ల మధ్య ఉంది. పైనుంచి చూసే చోటికి మిషిమా దగ్గరి రోడ్డు పక్క విడిది నుంచి నడిచి ఎక్కాలి. అరికాళ్ళు జారని బూట్లు వేసుకోండి. తాగడానికి వేడివేడిగా ఏదైనా ఫ్లాస్కులో పోసుకోండి, చిన్న స్టేషన్లలో కొట్లుండవు.

ఇంకొక్కటి. ఇక్కడి రైలు తలుపులు వాటంతటవి తెరుచుకోవు. తలుపు పక్కన బటన్ ఉంటుంది, నొక్కితేనే తెరుచుకుంటుంది. ఎక్కినవెంటనే లోపలివైపున్న బటన్ నొక్కి తలుపు మూసేయండి. ఎదురుబండి దాటేదాకా రైలు పది నిమిషాలు ఆగి ఉండొచ్చు, లోపల కూర్చున్నవాళ్ళలో ఎనభై దాటినవాళ్ళుంటారు.