రష్యన్ కోర్సు ప్రకటనలో పర్యాయపదాలు వేస్తే సరిపోతుందా?

వేరే సంస్థ రాసుకున్న రష్యన్ కోర్సు ప్రకటన మీకు నచ్చింది, అందులో మాటలు మార్చి మీ కోర్సుకి వాడుకోవాలి, ఏ మాటకి ఏ పర్యాయపదం వేయాలో చెప్పమన్నారు. భాషా కోర్సులకి ప్రకటనలు రాయడం నా పని కాబట్టి సూటిగా చెబుతాను: మాటకి మాట వేస్తే మీ చేతికొచ్చేది అదే ప్రకటన, కాకపోతే ఇంకాస్త అధ్వాన్నంగా.

"అనుభవజ్ఞులైన ఉపాధ్యాయులతో సులభంగా రష్యన్ నేర్చుకోండి" అన్నదాన్ని మారిస్తే "నిపుణులైన గురువులతో తేలికగా రష్యన్ అభ్యసించండి" అవుతుంది. చదివేవాడికి కొత్తగా ఏం తెలిసింది? పైగా "అభ్యసించండి" అని ఎవరూ మాట్లాడరు. పక్క సైట్ నుంచి తెచ్చి పర్యాయపదాలతో పైపైన మార్చిన కంటెంట్‌ని గూగుల్ కూడా తన స్పామ్ నిబంధనల్లో ప్రత్యేకంగా ప్రస్తావించింది.

వ్యాకరణం మాటల జోలికి అసలు వెళ్లకండి. ఒక క్లయింట్ సాఫ్ట్‌వేర్‌తో మార్పించి పంపిన డ్రాఫ్టులో "ఆరు కేసులు" కాస్తా "ఆరు వ్యాజ్యాలు" అయి కూర్చున్నాయి. ఇంగ్లీషులో విభక్తిని కూడా 'కేస్' అనే అంటారు; రష్యన్‌లో ఉన్నవి ఆరు విభక్తులు, కోర్టు గొడవలు కాదు! అలాగే భాష ఎంతవరకు వచ్చో చెప్పే "ఏ1" (మొదటి మెట్టు), "బి2" లాంటి స్థాయిల పేర్లు ఉన్నవి ఉన్నట్టే ఉంచాలి.

ఇక వాగ్దానాలు. "30 రోజుల్లో అనర్గళంగా" అన్నచోట "ధారాళంగా" అని వేసినా అబద్ధం అబద్ధమే. అమెరికా విదేశాంగ శాఖ తన దౌత్యవేత్తలకి రష్యన్ నేర్పడానికి 44 వారాలు, అంటే దాదాపు 1,100 క్లాసు గంటలు పడుతుందని లెక్కేస్తుంది. అదీ పూర్తికాలం కూర్చుని చదివితే. మీ కోర్సు నెల రోజులదైతే ఆ నెలలో నిజంగా ఏం వస్తుందో అదే రాయండి.

నేనైతే ఆ పాత ప్రకటన మూసేసి, టీచర్‌ని కూర్చోబెట్టి "పిల్లలు ఎక్కడ ఇబ్బంది పడతారు?" అని అడుగుతాను. అసలు సరుకు అక్కడ దొరుకుతుంది. రష్యన్‌కి 33 అక్షరాలు. వాటిలో ఇంగ్లీషు 'బి'లా కనిపించేదాన్ని 'వ' అనీ, 'పి'లా కనిపించేదాన్ని 'ర' అనీ చదవాలి. మొదట్లో అందరూ తడబడేది ఇక్కడే. నడిచి వెళ్తే ఒక క్రియ, బండిలో వెళ్తే ఇంకో క్రియ. మరోవైపు మన తెలుగువాళ్లకి కలిసొచ్చేవీ ఉన్నాయి. "నేను టీచర్‌ని" అన్నప్పుడు మనకి క్రియ ఎలా అక్కర్లేదో వాళ్లకీ అలాగే అక్కర్లేదు. 'ఎ', 'ద' లాంటి ఆర్టికల్స్ లేవు. మాట చివర మారితే అర్థం మారడం మనకి పుట్టుకతో అలవాటే.

ఈ ముక్కల్లో మీ క్లాసులో నిజంగా చెప్పేవి ఏరుకుని నాలుగు వాక్యాలు రాయండి: "తెలుగు విభక్తుల ద్వారా రష్యన్ విభక్తులు చెబుతాం. ఏ1 పూర్తయ్యేసరికి మీ గురించి, మీ ఇంట్లోవాళ్ల గురించి చిన్న చిన్న మాటల్లో చెప్పగలరు." ఇది ఎవరి ప్రకటనకీ కాపీ కాదు, ఎవరూ తేలిగ్గా కాపీ కొట్టలేరు కూడా.

ఒక్క జాగ్రత్త. "రష్యన్ కోర్సు", "రష్యన్ క్లాసులు" అన్న మాటల్ని మాత్రం కొత్తదనం కోసం "రుష్య భాషా శిక్షణ" అని మార్చకండి. వెతికేవాళ్లు అలా టైప్ చెయ్యరు.