తప్పు జారారేడియోది కాదు, బ్యాటరీది

"మా కమ్యూనిటీ రేడియోలో పాటల్నీ కార్యక్రమాల్నీ టైముకి దానంతటదే వేసే సాఫ్ట్‌వేర్ ఇంకా జారారేడియో 1.6.2నే. తీసేసి డబ్బు పెట్టి కొత్తది కొనాలా?" అని అడిగారు. అక్కర్లేదండీ. 50 వాట్ల ట్రాన్స్‌మిటర్‌కి అది చాలు. రివెండెల్ అని ఇలాంటిదే ఇంకో సాఫ్ట్‌వేర్ ఉంది, అది పెట్టుకోమని ఎవరో ఒకరు చెప్తారు. మంచిదే, ఉచితమే. కానీ అది నడిచేది లినక్స్ మీద, వెనకాల డేటాబేసు. అవి తెలిసిన కుర్రాడికి హైదరాబాద్‌లో ఉద్యోగం వచ్చిన రోజున మీ స్టేషన్ గతేంటి?

నేను ఒక కాలేజీ స్టేషన్‌లో నాలుగేళ్లు జారాతోనే కాపురం చేశాను. నెట్ లేని విండోస్ ఎక్స్‌పీ కంప్యూటరు. టైము చెప్పించాలంటే గంటకో ఫైలు, నిమిషానికో ఫైలు ఇవ్వాలి. సరిగ్గా గంట కొట్టినప్పటికి మళ్లీ వేరే ఫైలు. చేసింది స్పెయిన్ వాళ్లు గానీ తెలుగుకి అతికినట్టు సరిపోయింది: "ఎనిమిది గంటల" ఒకటి, "ఎనిమిది గంటలు" ఒకటి. గంటలవి 24, సరిగ్గా గంటకి 24, నిమిషాలవి 59, కలిపి 107 ముక్కలు. అష్టోత్తరానికి ఒకటి తక్కువ. మా తెలుగు మేడమ్ ఒక్క మధ్యాహ్నంలో అన్నీ చదివేశారు. సున్నా గంట దగ్గర సరదా పుట్టి, గొంతు తగ్గించి మరీ "అర్ధరాత్రి పన్నెండు గంటల" అన్నారు.

ఓ రాత్రి కరెంటు పోయింది. యూపీఎస్ అరగంట లాగి చేతులెత్తేసింది. నేను పక్కూళ్లో పెళ్లిలో ఉన్నాను. పొద్దున ఎనిమిదిన్నరకి కరెంటొస్తే వాచ్‌మన్ తాత కంప్యూటర్ ఆన్ చేశాడు. కరెంటు లేనప్పుడు కంప్యూటర్ గడియారాన్ని నడిపే, మదర్‌బోర్డు మీది రూపాయి బిళ్లంత బ్యాటరీ ఎప్పుడో చచ్చింది. స్క్రీను ఎఫ్1 నొక్కమంది, ఆయన నొక్కాడు. గడియారం ఏదో పాత సంవత్సరం జనవరి 1కి, సున్నా గంటకి పోయింది. జారా పాపం ఆ గడియారాన్నే నమ్ముతుంది.

కాసేపటికి బస్టాండు దగ్గర టిఫిన్ బండాయన ఫోను. "సార్, నేను రెండో వాయి ఇడ్లీ దింపుతున్నా, మీ మేడమ్ అర్ధరాత్రి అంటదేంది?"

నేను వెళ్లేదాకా ఎవరూ ముట్టుకోలేదు, భయం. రైతుల కార్యక్రమం ఎగిరిపోయింది. మధ్యాహ్నం రెండున్నరకి సుప్రభాతం మొదలైంది. అప్పుడు మా కమిటీ ఏమందో తెలుసా? "సాఫ్ట్‌వేర్ పాతదైపోయింది, మారుద్దాం." దాని మీద మూడు మీటింగులు, మూడుసార్లు సమోసాలు. బ్యాటరీ వోచరు మీద సంతకం పెట్టడానికి మాత్రం ఒక్కరూ దొరకలేదు. నా జేబులోంచే కొన్నాను.

 

మేడమ్‌కి విషయం చెప్తే పగలబడి నవ్వి, ఆ ఒక్క ముక్క "అర్ధరాత్రి" తీసేసి మళ్లీ చదివిచ్చారు.